పాస్తా మీద ప్రమాణం

కాణిపాకం వరసిద్ధి వినాయకుడి ఎదుట అబద్ధం ఆడాలంటే చిత్తూరు జిల్లాలో గజదొంగ కూడా జంకుతాడు. బావిలో వెలసిన ఆ స్వామి సత్యప్రమాణాల దేవుడు. అప్పు ఎగ్గొట్టినవాణ్ణి, పొలం గట్టు జరిపినవాణ్ణి, తాగుడు మానేశానని ఇంట్లో నూరుసార్లు ఒట్టేసినవాణ్ణి కోనేట్లో ముంచి తడిబట్టలతో స్వామి ముందు నిలబెట్టడం ఇక్కడి పాత ఆనవాయితీ. ‘కాణిపాకం వచ్చి ప్రమాణం చేస్తావా’ అని రాజకీయ నాయకులు టీవీల్లో తొడలు కొట్టుకోవడం కొత్త ఆనవాయితీ. ఆ వరసలో ఇప్పుడు పాస్తాను కూడా నిలబెట్టాలి. పండగ పది రోజులుందనగానే ఫోన్లలో, టీవీల్లో ‘పండగ స్పెషల్ సాసేజ్ వెజిటబుల్ పాస్తా’ మొదలవుతుంది. వినాయక చవితికి వెజ్ సాసేజ్‌తో, ఉల్లి వెల్లుల్లి లేకుండా, మహా నిష్ఠగా. కనుమకు చికెన్ సాసేజ్‌తో, ఏ నిష్ఠా లేకుండా. పండగ మారినా పాట మారదు: చిటికెలో అయిపోతుంది, కడుపు నిండుతుంది, కూరగాయలన్నీ పిల్లల పొట్టలోకి పోతాయి, పైగా వెరైటీ. ఈ మాటల్ని కూడా ఒకసారి కోనేట్లో ముంచి చూద్దాం.

ముందు చిటికె సంగతి. ప్యాకెట్ మీద ఉన్న పది నిమిషాలు పాస్తా నీళ్ళలో ఉడికే సమయం. ఆ నీళ్ళు మరగడానికి పట్టే సమయం ప్యాకెట్ వాడి లెక్కలో ఉండదు. క్యాప్సికం, క్యారెట్, బీన్స్, బ్రోకలీ కడిగి సన్నగా తరగడం ఎవరి లెక్కలోనూ ఉండదు. సాసేజ్ బిళ్ళలు కోసి వేరే బాణలిలో వేయించాలి. సాస్‌కి ఇంకో బాణలి, వార్చడానికి చిల్లుల గిన్నె, పైన చల్లడానికి చీజ్, ఆ చీజ్ తురమడానికి ఓ పరికరం. ఏదైనా తక్కువైతే కాణిపాకం నుంచి పన్నెండు కిలోమీటర్లు చిత్తూరు టౌనుకు బండి తీయాలి. అన్నీ అయ్యాక చీజ్ అంటుకున్న గిన్నెను తోముతూ ఎవరైనా ‘చిటికె’ అన్నారేమో కనుక్కోండి. అసలు మెలిక వేరే ఉంది. చవితినాడు స్వామికి పాస్తా నైవేద్యం పెట్టే ధైర్యం ఇంకా ఎవరికీ రాలేదు. కాబట్టి కుడుములు చేయాల్సిందే, ఉండ్రాళ్ళు చుట్టాల్సిందే, ఆ తర్వాతే పాస్తా. పని తగ్గించడానికి వచ్చిన వంటకం ఉన్న పని మీద ఎక్కి కూర్చుంటే దాన్ని సులువు అంటున్నాం.

ఆ రోజున చాలా ఇళ్ళలో మానేస్తున్నదేమిటో చూస్తే నవ్వు ఇంకాస్త వస్తుంది. పాలతాలికలు. బెల్లం నీళ్ళు మరిగించి, బియ్యప్పిండి పోసి కలిపి, ఆరకముందే చిన్న ముద్ద తీసుకుని పీటమీద అరచేత్తో ముందుకీ వెనక్కీ దొర్లిస్తే సన్నటి తాడులా సాగుతుంది. అలాంటివి నలభయ్యో యాభయ్యో చేసి, విరగకుండా ఎత్తి, మరిగే పాలలోకి జార్చాలి. ఇదెవరు చేస్తారమ్మా, ఓపికలెక్కడివి అంటాం. అదే పని ఇటలీలోని బారి పట్నంలో పాతవీధి అరుగుల మీద ముసలమ్మలు చేస్తుంటే చూడ్డానికి విమానాలెక్కి వెళ్తారు జనం. వాళ్ళు గోధుమరవ్వ పిండిని తాడులా దొర్లించి, ముక్కలు కోసి, కత్తి మొనతో లాగి బొటనవేలి మీద బోర్లిస్తారు. చిన్న చెవిలా తయారవుతుంది. పేరు కూడా అదే, ఒరెక్యెట్టె అంటే చిట్టి చెవులు. ఆ చెవుల్ని ఆకుకూరతో వండడం అక్కడి సంప్రదాయం. కొందరు సాసేజ్ కూడా వేస్తారు. మన పండగ స్పెషల్‌కు తాతమ్మ అదే. బారి ముసలమ్మ దొర్లిస్తే హస్తకళ, కాణిపాకం ముసలమ్మ దొర్లిస్తే చాదస్తం. పిండీ అరచెయ్యీ రెండుచోట్లా ఒకటే. వీడియో తీసేవాడే వేరు.

ఇక్కడ దేశభక్తులు లేచి, పాస్తా మన తాలికల్నుంచే పుట్టిందని అంటారేమో, వాళ్ళూ కాస్త కూర్చోవాలి. మార్కోపోలో చైనా నుంచి తెచ్చాడన్న కథే నిలవలేదు. ఆయన ఇల్లు చేరింది 1295లో. సిసిలీలోని త్రబియాలో ఎండు పాస్తా చేసి ఓడలకెక్కిస్తున్నారని అరబ్ భూగోళ పండితుడు ఇద్రీసీ 1154లోనే రాసిపెట్టాడు. పిండి, నీళ్ళు, చేతులు ఉన్న ప్రతిచోటా ఎవరికివారు తాళ్ళు పేనుకున్నారు. అది చాలు. ఇంకో మాట. మంచి పాస్తాకు వాడే డ్యూరమ్ గోధుమ, మనం ఉప్మా చేసుకునే బన్సీరవ్వ గోధుమ ఒకే జాతి. ఉప్మానా అని మూతి ముడిచిన రవ్వే గొట్టం ఆకారంలో వస్తే చప్పట్లు కొడుతున్నాం.

సాసేజ్ దగ్గర కాసేపు ఆగాలి. ఉప్పు వేసినది అనే అర్థమున్న లాటిన్ మాట నుంచి వచ్చిన పేరు. సన్నగా కొట్టిన మాంసాన్ని ఉప్పూ మసాలాతో కలిపి, శుభ్రం చేసిన పేగులో కూరి ముడేస్తే సాసేజ్. పేగు అనగానే మన సీమలో బోటి గుర్తొస్తుంది. ఆదివారం మధ్యాహ్నం బోటి ఉడుకుతుంటే వాసనంటూ కిటికీలు మూసే మర్యాదస్తులు, అదే పేగులో మాంసం కూరి ప్లాస్టిక్‌లో చుట్టి ఫ్రిజ్‌లో పెట్టి అమ్మితే వరస కట్టి కొంటున్నారు. వెజ్ సాసేజ్ ఇంకా గొప్పది. పేగు కాని పేగులో మాంసం కాని మాంసం. తినకూడనిదాని ఆకారం మాత్రం కావాలి, చవితి మడి చెడకూడదు. అష్టావధానం కంటే కష్టమైన విద్య.

దీనికి సరిగ్గా ఎదురు వంట చిత్తూరు సీమలోనే ఉంది, పితికిపప్పు. చలికాలంలో అనపకాయలు వొలిచి, గింజల్ని నీళ్ళలో నానేస్తారు. నానిన గింజను బొటనవేలికీ చూపుడువేలికీ మధ్య పెట్టి చిన్నగా నొక్కితే, తోలు వేళ్ళకు అంటుకుపోయి పప్పు చెంగున గిన్నెలోకి దూకుతుంది. పదింటికొకటి గురి తప్పి మంచం కిందికి పోతుంది. గంటయ్యేసరికి వేలికొసలు ముడతలు పడతాయి. గిన్నెలో మాత్రం లేతాకుపచ్చ పప్పు నిగనిగలాడుతూ ఉంటుంది. వంకాయో ఉర్లగడ్డో వేసి మసాలా నూరి పులుసు పెడితే సంగటిముద్ద దానంతటదే జారుతుంది. అక్కడ తోలులోకి కూరతారు, ఇక్కడ తోలులోంచి పితుకుతారు. ఒకదాంట్లో ఏముందో కూరినవాడికే తెలియాలి. రెండోదాంట్లో ఏముందో చూడనివ్వకుండా చేయడం ఎవరి తరమూ కాదు.

కడుపు నిండే మాటకొస్తే, వినాయకుడి గుడి ముందు ఆ గొప్ప చెప్పుకోవడమే సాహసం. కుడుములు తిని వంగలేక అవస్థ పడిన దేవుణ్ణి చూసి నవ్వినందుకే గదా చంద్రుడు శాపం తిన్నాడు. కడుపు నింపడంలో బియ్యప్పిండికీ బెల్లానికీ ఇంకొకరి సాయం అక్కర్లేదు. కాణిపాకం స్వామి ఏటేటా పెరుగుతున్నాడనీ, ఒకప్పుడు చేయించిన వెండి కవచం ఇప్పుడు పట్టదనీ భక్తులు చెప్పుకుంటారు. చీజూ క్రీమూ వేసిన పాస్తా తినే ఇళ్ళలో ఆ అద్భుతం అన్ని ఏళ్ళు పట్టదు, రెండు పండగలకే కనిపిస్తుంది. ఆరోగ్యం అన్నారు కాబట్టి ఇది కూడా: సాసేజ్ లాంటి నిలవ మాంసాన్ని ప్రపంచ ఆరోగ్య సంస్థ క్యాన్సర్ పరిశోధన విభాగం 2015 అక్టోబరులో, క్యాన్సర్ కారకమని గట్టి ఆధారాలున్న మొదటి వర్గంలో చేర్చింది. రోజూ 50 గ్రాములు తింటే పెద్దపేగు క్యాన్సర్ ముప్పు 18 శాతం పెరుగుతుందని లెక్క కట్టింది. పండగకొకసారి తింటే కొంపలేం మునగవు, అది ఒప్పుకోవాలి. కానీ మునగకపోవడం వేరు, ‘ఆరోగ్యకరమైన పండగ వంట’ అని బోర్డు కట్టడం వేరు. నాలుగు బ్రోకలీ ముక్కలు ఆ బోర్డును మోయలేవు.

పాస్తా పరాయిదైతే మిరపకాయ మాత్రం మనదా అని అడుగుతారు. న్యాయమైన ప్రశ్నే. 16వ శతాబ్దంలో పోర్చుగీసు ఓడలు రాకముందు మన కారం మిరియాలదే. టమాటా కూడా అమెరికా ఖండం సరుకే. హైదరాబాదు కంపెనీ బాంబినో సేమ్యాతో ఎన్నో ఏళ్ళుగా పాయసం చేసుకుంటున్నాం, ఆ పేరు ఇటాలియన్‌లో పసివాడని అర్థం. అయినా ఎవరికీ అభ్యంతరం లేదు, ఉండకూడదు కూడా. మిరపకాయ మన రోట్లోకి దిగి చెనిగ్గింజలతో నలిగి ఊరిబిండి అయింది. సేమ్యా మన పాలలో ఉడికింది. అవి ఇంటికొచ్చిన కోడళ్ళు. పాస్తా ఇంకా చుట్టమే, తన సాసు, తన చీజు, తన గిన్నె సంచీలో తెచ్చుకుంటుంది. ఇందులో నొప్పించే విషయం సాసు. ఆసియాలోనే పెద్ద టమాటా మార్కెట్లలో ఒకటని చెప్పుకునే మదనపల్లె ఉమ్మడి చిత్తూరు జిల్లాదే. 2023 జూలై ఆఖరుకు కిలో 200 రూపాయల దరిదాపులకు పోయిన పంట, ఇంకో ఏడు కోతకూలి కూడా రాక రోడ్డు పక్క పారబోతకొస్తుంది. అలా పారబోసిన టమాటాల్ని దాటుకుంటూ వెళ్ళి ఎక్కడో తయారైన పాస్తా సాసు సీసా కొనుక్కొచ్చి, దాన్ని పండగ అనడం. ఈ ఒక్కదానికి నవ్వు రాదు.

ఆడవాళ్ళు ఎంతకాలం అనపగింజలు పితుకుతూ కూర్చోవాలన్నది అన్నిటికంటే బలమైన అభ్యంతరం. దానికి ఎదురుచెప్పడం కుదరదు. పాతవంటల గొప్పలు రాసేవాళ్ళలో ముడతలు పడ్డ వేలికొసలున్నవాళ్ళు తక్కువ. కాకపోతే పాస్తా ఈ కష్టాన్ని తీర్చిందా? గింజలు పితికిన చెయ్యే బ్రోకలీ తరుగుతోంది, తాలికలు దొర్లించిన చెయ్యే చీజ్ గిన్నె తోముతోంది. మారింది సరుకు, మనిషి మారలేదు. నానిన గింజల గిన్నె తీసుకెళ్ళి టీవీ ముందు క్రికెట్ చూస్తున్నవాళ్ళ ఒళ్ళో పెట్టండి. పితకడానికి కళ్ళు కూడా అక్కర్లేదు, ఓవరుకో పిడికెడు అవుతుంది. గురి తప్పి మంచం కిందికి పోయిన పప్పును ఏరే బాధ్యత కూడా వాళ్ళదే.

తిండి విషయంలో ఇంత పట్టింపా అని విసుక్కునేవాళ్ళు కాణిపాకం ఏటి పేరు తలుచుకోవాలి. శంఖుడు, లిఖితుడు అన్నదమ్ములు. యాత్రలో ఆకలికి ఆగలేక లిఖితుడు తోటలో మామిడిపండు కోసుకున్నాడు. అన్న రాజుకు చెప్పాడు, రాజు చేతులు నరికించాడు, ఈ ఏట్లో మునిగితే చేతులు తిరిగొచ్చాయి. బాహువుల్ని ఇచ్చింది కాబట్టి బాహుదా. పండు తిన్నందుకు కాదు లిఖితుడికి శిక్ష, తనది కానిదాన్ని అడక్కుండా కోసుకున్నందుకు. పాస్తాతో పేచీ కూడా అంతవరకే. బుధవారం రాత్రి పిల్లలడిగితే శుభ్రంగా వండిపెట్టండి, వాళ్ళకిష్టమే, అందులో తప్పేముంది. కానీ ఇప్పుడది పండగ పేరును తోటలోంచి కోసుకుని, చిటికె, ఆరోగ్యం, వెరైటీ అని తోటమాలికి కథలు చెబుతోంది. ఇరవయ్యొక్క రోజుల బ్రహ్మోత్సవాల్లో ఎప్పుడైనా సరే, ‘పది నిమిషాల్లో అయింది, పని తగ్గింది’ అని తడిబట్టలతో చెప్పడానికి సిద్ధపడ్డవాళ్ళు ముందుకు రావచ్చు. వచ్చేటప్పుడు గిన్నెలు తోమినవాళ్ళను కూడా వెంట తీసుకురావాలి.