ఒక హాక్నీ గుఱ్ఱము ఆత్మకథ

నా జన్మభూమి ఇంగ్లండులోని నార్ఫోక్ సీమ. రైలుబండ్లు పుట్టకపూర్వము వైద్యులను, వర్తకులను, కృషీవలులను అలసట యెఱుంగక దూరప్రయాణములకు గొనిపోయిన వంశము మాది. నా పూర్వులకు నడక జీవనాధారము, నాకది అలంకారమయ్యెను. మోకాలిని ఱొమ్ముదాక నెత్తి, క్షణకాలము గాలిలో నిలిపి, పిదప నేల మోపు నా విలాసమును జూచి ముగ్ధుడైన ధనికుడొకడు నన్ను గొని, ఓడ యెక్కించి, న్యూయార్కునకు దెచ్చెను.

ఈగలను దోలుకొనుటకు విధాత యిచ్చిన తోకను నాగరకతకై పొట్టిగా నఱికించిరి; అడుగు మఱింత యెత్తుగా లేచుటకై బరువైన లాడములు గొట్టించిరి; మెడ వంచ వీలులేకుండ తలను నిక్కబట్టు పగ్గమును బిగించి, దానినే రాజసమనిరి. ఆ పగ్గపు బాధను లోకమునకు దెలుపుచు మా సీమలోనే జన్మించిన అన్నా స్యూయెల్ 1877లో ‘బ్లాక్ బ్యూటీ’ని ప్రకటించియుండెను. నా యజమాని బిడ్డలు ఆ గ్రంథమును జదివి కంట తడిపెట్టుచుండగనే, శాలలో నా పగ్గము మఱియొక రంధ్రము పైకి బిగిసెను.

1883లో ప్రారంభమైన నేషనల్ హార్స్ షో ఏటేట నవంబరులో న్యూయార్కు సంపన్నుల శీతకాలపు వేడుకలకు నాందివలె జరుగుచుండెడిది. స్టాన్‌ఫర్డ్ వైట్ రూపకల్పనమున 1890లో వెలసిన మాడిసన్ స్క్వేర్ గార్డెను భవనము నడుమ, తోళ్లు పదునుచేయుటకు వాడు చెట్టుబెరడును పఱచిన రంగస్థలము మాది. దాని చుట్టునున్న బాట పచారు సేయు జనులది. ఆపైనున్న బాక్సులు కోటీశ్వరులవి. బాటపై నడచువారిలో పెక్కండ్రు మాకు వీపు ద్రిప్పి బాక్సులవైపే చూచుచుండిరి. ఏ యిల్లాలు ఏ వన్నె పట్టు ధరించెనో, ఎవరి సరసన నెవరు కూర్చుండిరో పత్రికలు సవిస్తరముగ వర్ణించెడివి. నా కళ్లెమునకు ప్రథమ బహుమానమగు నీలిపట్టీ కట్టిన సంగతి చిన్న యక్షరములలో నొదిగెడిది. న్యాయనిర్ణేతలు మా నడకను, వంశమును, పోషణను పరీక్షించుచుండగా, మనుష్యులును ఆ మూడింటినే యొండొరులయందు పరీక్షించుకొనుచుండిరి.

1900 నవంబరులో ఆ భవనముననే మోటారు బండ్ల ప్రదర్శన జరిగెను. మేము నడయాడు చోట చెక్కపలకల బాట వేసి వానిని ద్రిప్పిరి. అంతమాత్రమున మా వైభవము తఱుగలేదు. 1907లో లండనునందలి ఒలింపియాలో లార్డ్ లాన్స్‌డేల్ అధ్యక్షతన అంతర్జాతీయ అశ్వప్రదర్శనయు వెలసెను. కాని నా యజమాని తన శాలలో సగము మోటారుబండి కిచ్చినపుడు నాకు అసూయ కలుగలేదు. అతనికి గావలసినది వాహనము గాదు, నలుగురి చూపు. దానిని దెచ్చు పని యిక నా మోకాళ్లది గాదు గనుక, మొదటిసారి నా పగ్గమును వదులు చేసిరి.