నీళ్లు చేనుకి, దాహం బాలింతకి

మా వేమూరు వైపు వరి చేనుకి ఒక్క తడి తప్పితే చాలు, ఊరంతా లాకుల దగ్గరికి పరిగెడుతుంది. ఇరిగేషన్ వాళ్లకి ఫోన్లు, పెద్దమనుషుల రాయబారాలు, అప్పటికీ కాకపోతే రోడ్డు మీద బైఠాయింపు. అదే ఊళ్లో కాన్పయి నాలుగు రోజులైన పిల్ల గ్లాసుడు నీళ్లడిగితే మాత్రం ఇంటిల్లిపాదీ ఉలిక్కిపడతారు. "అమ్మో, నీళ్లే! ఒళ్లు నీరు పట్టదూ? పొట్ట జారిపోదూ?"

ఒకసారి ఆ పురిటిగదిలోకి తొంగి చూడండి. నడి వేసవి. కిటికీలు బిగించారు, ఫ్యాను ఆపేశారు. బాలింత చెవుల్లో దూది, తలకు గుడ్డ, నడుముకి పాత చీర. అన్నంలో వెల్లుల్లి కారం, ఆ పైన కాయం ముద్ద. పెట్టేవన్నీ దాహం పుట్టించేవే. తీర్చేదల్లా గుక్కెడు కాచిన నీళ్లు, ఆ గ్లాసు కూడా అమ్మమ్మ చేతిలోనే ఉంటుంది. మంచం దిగితే వాతం కమ్ముతుందట.

కాలం మారలేదనకండి. 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం ఆంధ్రప్రదేశ్‌లో నూటికి 42 కాన్పులు సిజేరియన్లే, తెలంగాణలో 60 దాటాయి. కడుపు కోయించడానికి మనకు కొత్త శాస్త్రం కావాలి, కుట్లు మానడానికి మాత్రం ముత్తవ్వ శాస్త్రం. ఆస్పత్రిలో సిస్టరు మర్నాడే లేపి నాలుగడుగులు వేయిస్తుంది. "కనికరం లేని మనిషి" అని ఆవిణ్ణి తిట్టుకుంటూ పిల్లను ఇంటికి తెచ్చి, గెలిచినట్టు పడుకోబెడతారు.

సిస్టరు నడిపించింది కక్షతో కాదు. కాన్పులో నెత్తురు విపరీతంగా పోకుండా, నెలలు నిండేకొద్దీ ఒంట్లో గడ్డకట్టే గుణం పెరుగుతుంది. బిడ్డ పుట్టగానే అది తగ్గిపోదు. ఆరు వారాల దాకా సిరల్లో నెత్తురు గడ్డకట్టే ముప్పు ఉంటుంది, మొదటి వారాల్లో మరీను. సిజేరియన్ అయితే ఇంకాస్త ఎక్కువ. కాళ్ల లోపలి సిరల్లోని నెత్తురు పైకెక్కాలంటే పిక్క కండరం దాన్ని నొక్కాలి, పిక్క పని చేయాలంటే మనిషి నడవాలి. అలాంటి మనిషిని కదలనివ్వకుండా, నీళ్లు తాగనివ్వకుండా ఉంచితే గడ్డకి అంతకంటే అతిథి మర్యాద ఏముంటుంది?

1855లో బెజవాడ ఆనకట్ట పూర్తయి డెల్టాకి కృష్ణ నీళ్లొచ్చాయి. మరుసటి ఏడు జర్మనీలో విర్కో అనే వైద్యుడు, సిరలో కట్టిన గడ్డ ఊడి ఊపిరితిత్తులకు ఎలా చేరుతుందో వివరిస్తూ పుస్తకం అచ్చేశాడు. కాలవలు పల్లెపల్లెకీ పారాయి. విర్కో మాట ఇంకా మా పురిటిగది గడప దాటలేదు.

తెల్లవాళ్లేం తక్కువ తినలేదు లెండి. ఇలా గడ్డకట్టి బాలింత కాలు తెల్లగా వాస్తే పాలు కాలికి దిగాయని 18వ శతాబ్దంలో అక్కడి పెద్ద పెద్ద వైద్యులే నమ్మారు. 1784లో మాంచెస్టర్ డాక్టరు చార్లెస్ వైట్ అది కాదు పొమ్మన్నాడు. ఆయన చెప్పిన కారణమూ తప్పే, కానీ పాలను మాత్రం నిర్దోషిగా వదిలేశాడు.

ఇక మనవాళ్ల వైద్య సభ. పదో రోజుకి ఎడమ పిక్క బిగుసుకుని వాచిందనుకోండి. ఎక్కువగా ఎడమకాలికే వస్తుంది, ఆ వైపు సిరను ధమని నొక్కి ఉంచుతుంది గనుక. ఒకరు నరం పట్టేసిందంటారు. పక్కింటావిడ దిష్టంటుంది. డెల్టా దోమల్ని ఎరిగిన పెద్దాయన బోదకాలని తేలుస్తాడు, అది పది రోజుల్లో వచ్చే జబ్బు కాకపోయినా. తీర్మానం మాత్రం ఏకగ్రీవం: ఆముదం వెచ్చజేసి మర్దన! లోపల గడ్డ ఉన్న పిక్కను పిసికితే అది ఊడి గుండె మీదుగా ఊపిరితిత్తుల్లో అడ్డం పడొచ్చు. ఆయాసం వస్తే "గ్యాస్" అని సోడా తాగిస్తారు. మంచినీళ్లకు లేని అనుమతి సోడాకి దొరుకుతుంది!

తీరా డాక్టరు హెపారిన్ సూది రాస్తే "పాలు చెడిపోవూ?" అని ఇంకో పేచీ. హెపారిన్ పాలల్లోకి రాదు. వార్ఫరిన్ మాత్రలు వాడుతూ కూడా డాక్టరు సలహాతో బిడ్డకు పాలివ్వొచ్చు. ఆ మందులు గడ్డను పెరగనివ్వవు, ఈలోగా ఒళ్లే దాన్ని మెల్లగా కరిగించుకుంటుంది.

అమ్మమ్మగారూ, దిష్టి తీసుకోండి, వెల్లుల్లి కారమూ పెట్టుకోండి. నీళ్ల గ్లాసు మాత్రం పిల్ల చేతికిచ్చి, వరండాలో నాలుగు చుట్లు తిరగనివ్వండి. ఒక్క కాలే వాచి, పిక్క నొప్పిగా వేడిగా ఉంటే ఆముదం సీసా మూత తీయకుండా ఆ రోజే తెనాలి తీసుకెళ్లి డాక్టరుకి చూపించండి, సిరలో గడ్డ ఉందేమో చూసే డాప్లర్ స్కాన్ సంగతి అడగండి. ఆయాసమో, గుండెల్లో నొప్పో వస్తే సభ పెట్టకండి, 108కి ఫోన్ చేయండి.