తాత అను జంతువు

బొమ్మ కనబడుచునే యున్నది, ప్రాణి మాత్రము లేదు: కొన్నాళ్లుగా నా నిద్రను హరించుచున్న బాధ యింతే. చెన్నపట్టణమునుండి మా మనవడు తాను సృష్టించిన జంతువు నొకదానిని ఫోనులో పంపినాడు. దానిని కంప్యూటరులోనికి దించి, స్పోర్ అను ఆ వీడియో ఆటను తెరచి, వాడు నేర్పిన విధముగనే మౌసుతో ఈడ్చుకొని వచ్చి తెరమీద విడిచినాను. ఆట పలుకలేదు. మరల విడిచినాను, మరల పలుకలేదు. ఏదో తప్పు జరిగినదని ఒక్క వాక్యము చూపినను కొంత గౌరవము దక్కెడిది. ఆ మర్యాదయు లేదు. 2022 ఏప్రిలులో ప్రభుత్వమువారు మా ఊరైన సూళ్లూరుపేటను, దాని చెరువులతోను గుళ్లతోను రైల్వేస్టేషనుతోను సహా, నెల్లూరు జిల్లానుండి ఈడ్చి తిరుపతి జిల్లాలో విడిచిరి. ఊరు చెక్కుచెదరలేదు. ఊరంతటికి సాధ్యమైన పని ఒక్క జంతువుకు ఏల సాధ్యము కాదో నాకు బోధపడలేదు.

వేసవి సెలవులలో మా పాత కంప్యూటరులో ఆ ఆటను ఎక్కించినది వాడే. బడి తెరచు సమయము రాగానే రైలెక్కుచు, "నా జంతువుల్ని చూసుకో తాతా, ఒక్కటి గూడా డిలీట్ చెయ్యబాక" అని ఆజ్ఞాపించి పోయినాడు. ముప్పదేండ్లకు పైగా హాజరుపట్టీలు దిద్దిన చేతికి ఇదెంత పని యనుకొన్నాను. ఫోల్డరు తెరచి చూచినచో అది మా చిన్ననాటి బందెలదొడ్డి: దేని కొమ్ము దేనికి తగులుచున్నదో తెలియదు, విడిపించుకొని పోవు ఆసామి లేడు, మేత ఖర్చు మాత్రము మన నెత్తిన. ఇడ్లీమొకం, ఇడ్లీమొకం కొత్తది, ఇడ్లీమొకం నిజంగా కొత్తది, లెక్కల సారు, లెక్కల సారు తోకతో. వీనిలో ఏది కడపటి రూపమో, ఏది నడుమ విడిచిన కసరత్తో చెప్పువారు లేరు. చాలదన్నట్లు, ఇంటర్నెట్టు కలిపినంతనే ఊరూపేరూ తెలియని పరదేశీయుల జంతువులు కూడ వాడి గ్రహములమీద దిగి తిరుగుచుండును. నచ్చని దానిని నిషేధించు బొత్తా మొకటి కలదు. దానిని నొక్కు అధికారము నాకు దఖలు పడలేదు.

ఈ విశ్వామిత్ర సృష్టికి మూలపురుషుడు విల్ రైట్ అను అమెరికా దేశస్థుడు. జనులచేత నగరములు కట్టించు సిమ్‌సిటీని 1989లోను, సంసారములు చేయించు ది సిమ్స్‌ను 2000లోను లోకముమీద వదలిన మహానుభావుడు, అప్పటికిని తృప్తి చెందక 2008 సెప్టెంబరులో స్పోర్‌ను వదలినాడు. మరుసటి నెల 22వ తేదీన మా పొరుగున ఉన్న శ్రీహరికోటనుండి చంద్రయాన్-1 పైకి లేచినది గనుక, ఆ ఋతువున మా ఊరివారందరు ఆకాశమును చూచుటలో నిమగ్నులై ఈ ఉపద్రవమును గమనింపలేదు. నీటిలో ఏకకణజీవిగా పుట్టి, కాళ్లు మొలిపించుకొని, గుంపు కట్టి, నాగరకత నేర్చి, కట్టకడపట అంతరిక్షమునకు పోవుట ఆ ఆటలోని ఐదు దశలు. ఆటకంటె ముందుగా, ఆ యేటి జూనులో, జంతువులను చేయు భాగమును మాత్రము విడిగా విడుదల చేయగా, కొద్ది వారములలోనే జనులు పదిలక్షలకు మించిన ప్రాణులను చేసి కుప్ప వోసిరి. చేయుట అంత సులభము: వెన్నెముకను సాగదీసి, కన్నులను కాళ్లను తోచినచోట అతికించి, రంగు పూసి, పేరు పెట్టుటయే.

ఆ సులభమును నమ్మి నేనును ఒక పక్షిని చేయబూనినాను. సూళ్లూరుపేటవాడు పక్షిని చేయవలెనన్న ఫ్లెమింగోను తప్ప వేరొకదానిని చేయుట జన్మభూమికి ద్రోహము. ఇచ్చట ఫ్లెమింగోను గూర్చి రెండు మాటలు చెప్పవలసియున్నది. రెంటితో ఆగునని హామీ ఈయజాలను. దాని కాళ్లకును దేహమునకును పొంతన లేదు. వెనుకకు వంగునట్లు కనబడు ఆ మోకాలు మోకాలు కానే కాదు, చీలమండ. అసలు మోకాలు పైన ఈకలలో దాగియుండును. ముక్కును తలక్రిందులుగా నీట ముంచి, బురదను వడగట్టి భోంచేయును. పిల్లలు పుట్టునప్పుడు బూడిదరంగు. నాచును, రొయ్యజాతి పురుగులను తిని తిని గులాబిరంగును సంపాదించుకొనును. అనగా ఆ సౌందర్యమంతయు వంశమువలన వచ్చినది కాదు, తిండివలన వచ్చినది. ఇట్టి ప్రాణిని ఏ పిల్లవాడైనను ఆటలో చేసి చూపినచో, నమ్మునట్లు చేయరా యని మనమే మందలింతుము. నేను చేసినది నిలిచినది గాని, రెండడుగులు వేయగానే కోడియని తేలిపోయినది. ముక్కు వంచబోగా నవ్వు మొకము పడినది. నిజమైన ఫ్లెమింగో నవ్వదు. పులికాట్ సరస్సున ఒంటికాలిమీద నిలిచి, తన్ను చూడవచ్చినవారిని చూడకుండుటయే దాని వృత్తి. దాని పేర మా ఊర పండుగ కలదు: మైకులు, దుకాణములు, నృత్యములు, మంత్రులు, నేలపట్టునకు బస్సులు. నేలపట్టు చెరువులో కడప చెట్లమీద గూళ్లు కట్టుకొన్న గూడబాతులను చూచి "ఇయ్యేనా ఫ్లెమింగోలు?" అని అడుగువారు ఒకరు, శ్రీహరికోట రోడ్డున కారు నాపి, దూరమున నీటిమీది తెల్లగీతను ఫోనులో పట్టుకొని, అది పక్షులో నురుగో తేల్చుకొనలేక ఇల్లు చేరువారు మరియొకరు. గూడబాతుల రెట్ట కలిసిన నీరు పొలములకు సత్తువ యని నేలపట్టు రైతులు వానిని ఆదరింతురు. ఫ్లెమింగోవలన నాకు తెలిసినంతలో ట్రాఫిక్ తప్ప లాభము లేదు. అయినను పండుగ దానిదే. గూడబాతుకు జరిగిన ఈ అన్యాయమును గూర్చి వేరొకప్పుడు వ్రాసెదను. నేను చెప్పవచ్చినది జంతువును లోనికి ఎక్కించుటను గూర్చి.

ఈ ఆటలో జంతువు నివాసము ఒక బొమ్మ. నిలువున 128, అడ్డమున 128 చుక్కలు గల చిన్న పీఎన్‌జీ చిత్రము. చూచువారికి అది జంతువు ఫొటోయే; కాని ఆ చుక్కల రంగులలో, కంటికి భేదము తెలియనంత స్వల్పమైన మార్పులలో, వెన్నెముక ఎంత వంగినది, ఏ కాలు ఎచ్చట అతికినది, ఏ పూత ఎచ్చట పడినది అను జాతకమంతయు వ్రాసియుండును. ఆట ఆ జాతకమును చదివి ఒడలు కట్టి, ఆ కాళ్లకు తగిన నడకను అప్పటికప్పుడు కల్పించును. ఇంతవరకు సాధువాదమే. నడుమనున్న వార్తాహరుడున్నాడే, ఉదయముననే పూలగుత్తులను సూక్తులను మోసికొని వచ్చు ఆ ఫోను యాపు, ఫొటో కనబడినంతనే దాని బరువు తగ్గించును. తగ్గించుటకై ముందుగా పారవేయునది కంటికి కనబడనిదానినే. కనబడనిది పోయినచో ఎవరికి నష్టమని దాని తర్కము. మా జంతువు కాపురముండునది సరిగా అచ్చటనే! కావున బొమ్మ క్షేమముగా చేరును. ఎముకలు, కాళ్లు, నడక దారిలో రాలిపోవును. మరి కాకరరసముతో మధుమేహము కుదుర్చు సందేశము మాత్రము ఎన్ని ఫోనులు తిరిగినను ఒక్క అక్షరమైన రాలక వచ్చుచున్నది.

"అమ్మ ఫొటోగా పెట్టేసింది తాతా. డాక్యుమెంటుగా పెట్టాల. నేను పెడతాలే" అన్నాడు వాడు.

"ఎప్పుడు పెడతావు రా?"

"ట్యూషన్ అయినాక."

చెన్నపట్టణము దూరమా? లోకల్ రైలెక్కినచో రెండు, రెండున్నర గంటలు. ఆ రైలు దినమున కెన్నిమారులో వచ్చుచున్నది, వాడు సెలవులకు వచ్చును. నడుమ ఫొటోలు వచ్చును. వాడు పొడవైన సంగతి ఫొటోలో తెలిసినది. గొంతు మారుచున్న సంగతి ట్యూషన్ అయినాక అన్నప్పుడు గాని తెలియలేదు. ఇంటిలో తిరుగుచుండగా చూడకయే చూచు సంగతులు కొన్ని యుండును: తలుపును ఎంత బిగ్గరగా వేయును, పెరుగన్నములో ఏమి నంజుకొనును, అబద్ధమాడునప్పుడు ఏ చెవి గోకుకొనును. ఇవి ఫొటోగా రావు. డాక్యుమెంటుగా పెట్టినను రావు.

జంతువు మాత్రము వచ్చినది. ఈడ్చి విడువగానే ఆట దానిని అందుకొన్నది, ఒడలు కట్టినది, పేరు చూపినది. పేరు తాత. బట్టతల. కాడలమీద నిలిచిన రెండు గుడ్డికన్నులు, వాని చుట్టు నల్లని వలయములు. అవి నా కళ్లద్దములని గ్రహింపవలెను. ముందుకు పొడుచుకొని వచ్చిన బొజ్జ. కాళ్లు మూడు, మూడవది సన్నము. నడచునప్పుడు ముందుగా అది పడును, పిదప తక్కిన రెండును ఆలోచించి పడును. పోలిక లేదని ఎట్లు చెప్పుదును? కాని ఆ ఆటలో శాకాహారి నోరు వేరు, మాంసాహారి నోరు వేరు. పుట్టినది మొదలు గ్రుడ్డు ముట్టని నాకు వాడు కోరలు గల నోరు పెట్టినాడు! ఇది సహింపక, ఆ నోరు తీసి సాధువైన నోరు అతికించి భద్రపరచినాను. ఒకరి సృష్టిని వేరొకరు సవరించినచో అది వేరు సృష్టిగా నమోదగునట. కావున దొడ్డిలో ఇప్పుడు తాతలు ఇద్దరు. ఇద్దరిని పక్కపక్కన నడిపించి చూచినాను. నిజము చెప్పవలెనన్న, మాంసాహారియే చురుకుగా ఉన్నాడు.