నొవ్గొరోదు సభాఘంట

రాజుల కిరీటములకును ఖడ్గములకును చరిత్ర వ్రాసినవారు పెక్కండ్రు కలరు గాని, త్రాడు లాగినప్పుడెల్ల ఒక మహానగరమును ఒక్కచోటికి పిలిచిన కంచుముద్దకు సైతము చెప్పుకొనదగిన కథ యుండునని తలచినవారు అరుదు. వోల్ఖోవు నదికి తూర్పు దరిని, వర్తకుల పేటలో, యారొస్లావు ప్రాంగణమున వ్రేలాడిన సభాఘంటను నేను. ఆవలి దరిని 1045 మొదలు 1050 వఱకు కట్టబడిన పవిత్ర సోఫియా దేవాలయపు ఘంటలు జనులను దైవారాధనమునకు పిలుచుచుండగా, నేను వారిని ‘వేచె’ యను పౌరసభకు పిలుచుచుండెడిదానను.

ఆ పిలుపునకు ఎట్టి బలము కలదో 1136వ సంవత్సరమే సాక్ష్యము చెప్పును. ఆ యేట మా పౌరులు వ్సేవొలోదు అను రాజును ఆలుబిడ్డలతో కూడ నిర్బంధించి, పిమ్మట నగరము వెడలగొట్టిరి. నాటినుండి రాజనువాడు మాకు ఒడంబడికపై వచ్చు సేనానాయకుడే గాని ఏలిక కాడయ్యెను. మా సీమలో గ్రామములను సంపాదించుకొనుటకైనను వానికి అధికారము లేకుండెను. పొసాద్నికు అను నగరాధ్యక్షుని సభయే ఎన్నుకొనెడిది. ఆర్చిబిషప్పును సైతము ముగ్గురి పేళ్ళు చీట్లపై వ్రాసి, సోఫియా దేవాలయపు వేదికపై నుంచి, దైవనిర్ణయమని తీసికొనెడివారు. ఆ సభ గంగిగోవువలె సాధువని నేను చెప్పజాలను. ధనవంతులైన బొయారులను భూస్వాములు అరచువారిని కూలికి తెచ్చుటయు, రెండు పక్షములవారును వోల్ఖోవు వంతెనపై కలియబడి ఒకరినొకరు నీటిలోనికి త్రోసికొనుటయు నా కాలములో వింత కాదు. అయినను, తన బ్రదుకునుగూర్చి తానే కేకలు వేసికొను హక్కు గల నగరము నాటి రష్యాలో ఎన్ని యుండెను?

మా వీథులు దుంగలు పఱచినవి. మా జనులు చదువరులు. భూర్జవృక్షపు పట్టపై ఎముకతోనో ఇనుముతోనో చేసిన గంటముతో గీచి అప్పులు వ్రాసికొందురు, కబుర్లు పంపుకొందురు, ఆడువారు సైతము జాబులు వ్రాయుదురు. పదమూడవ శతాబ్దమున ఒన్ఫీము అను బాలుడు అక్షరములు దిద్దుచు, విసిగినప్పుడు గుఱ్ఱమెక్కి శత్రువును బల్లెముతో పొడుచు వీరుని బొమ్మ గీచి, ప్రక్కన తన పేరు వ్రాసికొనిన పట్ట మా మట్టిలో చెడక నిలిచినది. రాజాస్థానముల వైభవమును వర్ణించు చరిత్రకారులు ఆ బాలుని బొమ్మను ఒక్కమాఱు చూడవలెనని నా కోరిక.

శ్వేతసముద్రము వఱకును, ఉరాలు పర్వతముల వఱకును వ్యాపించిన అడవులనుండి ఉడుతచర్మములును, మైనమును మా అంగళ్ళకు వచ్చుచుండ, హన్సా సంఘమునకు చెందిన జర్మను వర్తకులు పవిత్ర పీటరు పేర నెలకొల్పుకొనిన తమ ప్రాంగణమున దిగి, వెండిని, ఫ్లాండర్సు ఉన్ని వస్త్రములను, ఉప్పును ఇచ్చి వానిని కొనుచుండిరి. ఇంతటి సంపదకును ఒక కొఱత యుండెను. మా నేల చలిది, చిత్తడిది, పంట చాలీచాలనిది. రొట్టెకు వలయు ధాన్యము దక్షిణమునుండి రావలెను. ఆ దారి మాస్కో ప్రభువుల గుప్పిట నుండెను. మమ్ము కత్తి కంటె ముందు ఆకలియే లొంగదీసెనని నా నమ్మకము.

1462లో మాస్కో సింహాసనమెక్కిన మూడవ ఇవాను, చుట్టునున్న రష్యను సంస్థానములను ఒక్కొక్కటిగా తనలో కలుపుకొనుచుండగా, దివంగతుడైన నగరాధ్యక్షుని భార్యయగు మార్ఫా బొరేత్స్కయా పక్షమువారు పోలండునకు రాజును లిథుయానియాకు మహాప్రభువును అయిన కాజిమీరు నాశ్రయింప దలచిరి. ఆ చర్చలకు నేను మ్రోగిన మ్రోతలు ఎట్టివి! లాటిను మతస్థుని చేతిలో పడుదుమా యని కొందఱు, మాస్కోకు దాసులమగుదుమా యని కొందఱు గొంతులు చించుకొనిరి. 1471 జూలై 14న షెలోను నదీతీరమున మా సైన్యము, తనకంటె చిన్నదైన మాస్కో సైన్యము చేతిలో చెదరిపోయెను. ఆర్చిబిషప్పు దళము పోరుటకే ఇష్టపడలేదు. కాజిమీరు సాయము రానే లేదు. మార్ఫా కుమారుడు ద్మిత్రి శిరస్సు తెగెను. నగరము 15,500 రూబుళ్ళ దండుగకు లోబడెను.

ఆఱేండ్లు గడచిన పిదప, 1477 చివర ఇవాను మరల వచ్చి మమ్ము ముట్టడించెను. బొలోన్యా నగరమునుండి వచ్చిన అరిస్టాటిలు ఫియోరవంతి యను శిల్పి వోల్ఖోవుపై పడవల వంతెన కట్టెను. లోపల ఆకలి, తెగులు. వెలుపల మంచు, సైన్యము. మావారు ఏ షరతులకు బేరమాడినను ఆ ప్రభువు పట్టు విడువలేదు: సభాఘంట యుండరాదు, నగరాధ్యక్షుడు ఉండరాదు, రాజ్యమంతయు తనదే కావలెను. 1478 జనవరి 15న పౌరులు సిలువను ముద్దిడి విధేయతా ప్రమాణము చేసిరి. మార్ఫా బందీ యయ్యెను. నన్ను దింపి, మంచుబండిపై మాస్కోకు తరలించిరి.

ఇవాను నన్ను పగులగొట్టించి యుండిన బాగుండెడిది. అట్లు చేయక, క్రెమ్లిను చౌకములోని ఘంటాగృహమున తక్కిన ఘంటల నడుమ వ్రేలాడదీయించి, వానితో కలిసి మ్రోగుమని నియమించెను. కంచు అదియే, నాలుక అదియే, నాదము నదియే. త్రాడు మాత్రము పరులది. నాడు వోల్ఖోవుపై వంతెన కట్టిన ఆ ఫియోరవంతియే నా యెదుట ఉస్పెన్‌స్కీ దేవాలయమును లేపుచుండెను. 1479 ఆగస్టులో దాని ప్రతిష్ఠ జరిగెను. ఆ కోటలోని లేఖకుల చేతికే కొంచెము ముందుగా త్వేరు వర్తకుడు అఫనాసీ నికితిను వ్రాసిన యాత్రాగ్రంథము చేరెను. ఆతడు బహమనీల బీదరులో నివసించి, పర్వతమను పుణ్యక్షేత్రమున శివోత్సవము చూచివచ్చి, స్మోలెన్‌స్కు చేరకమునుపే మరణించెను. ఆ పర్వతము శ్రీశైలమే యని పండితులు గుర్తించిరి. తెలుగువారి మల్లికార్జునుని దర్శించిన ఆ వర్తకుని ఊరైన త్వేరును 1485లో మాస్కో మ్రింగెను.

ఇరుగుపొరుగుల కలహములు ఇవానునకు ఎంతగా కలిసివచ్చెనో నేను కన్నులార చూచితిని. 1480లో తాతారుల మహాగణపు ఖాను అహ్మదు ఉగ్రా నదికి ఆవలి దరిని విడిసి, కాజిమీరు సాయమునకై వేచియుండగా, మాస్కోతో మైత్రి నెఱపిన క్రిమియా ఖాను మెంగ్లీ గిరాయి పొదోలియాపై పడి ఆ లిథుయానియా ప్రభువును కదలనీయలేదు. శీతకాలము ముదిరినంతనే అహ్మదు వెనుదిరిగెను. మాస్కో తాతారులకు కట్టుచుండిన కప్పము నాటితో గతించెను. మా నొవ్గొరోదు బొయారుల భూములను లాగికొని, వారిని దూరదేశములకు తరలించి, సైనికసేవ చేయువారికి ఆ భూములను పంచిరి. ఆ సేవకుల అశ్వికదళముతోనే కొత్త రాజ్యము లిథుయానియాపై దండెత్తెను. 1494లో పీటరు ప్రాంగణమును మూయించి, 49 మంది జర్మను వర్తకులను చెఱపట్టిరి. సమర్థుడైన ప్రభువని ఇవానును లోకము పొగడుగాక, నేనును కాదనను. కాని శతాబ్దములుగా పడమటికి తెఱచియుండిన వాకిలిని మూసినవాడు ఆతడేయని చెప్పక మానను.

మాకు తమ్మునివంటి నగరము ప్స్కోవు. 1471లోను, 1477లోను ఆ నగరము తన సైన్యమును ఇవాను పక్షమున మాపైకి నడపెను. ఆ ఇవాను కుమారుడు మూడవ వసీలీ 1510 జనవరి 13న ప్స్కోవు సభాఘంటను దింపించి, ఆ నగరపు 300 కుటుంబములను మాస్కో రాజ్యములోనికి తరలించెను.