అడ్రినలిన్ ఆంపూల్‌ని నేను

వెల్దుర్తి ఆసుపత్రి ఇంజెక్షన్ల గదిలో స్టీలు బల్ల, దాని మీద ట్రే, ట్రేలో నేను. నాలో ఉన్నది ఒక్క మిల్లీలీటరు మందు, అందులో ఒక్క మిల్లీగ్రాము అడ్రినలిన్. వెలుతురు పడదు కాబట్టి నా గాజుకు ముదురు గోధుమ రంగు. లోపలి మందు నీళ్లలా తేటగా ఉండాలి, రంగు తిరిగిందంటే పారేయాల్సిందే. పల్నాటి ఎండల్లో నన్ను కాపాడుకోవడం చిన్న సంగతి కాదు.

1901లో టకమినె జోకిచి అనే జపాను శాస్త్రవేత్త జంతువుల మూత్రపిండాల పైనుండే గ్రంథుల నుంచి మమ్మల్ని శుద్ధంగా వేరుచేశాడు. ఆ మరుసటేడే ఫ్రాన్సులో షార్ల్ రిషే, పాల్ పోర్టియే ఒక వింత చూశారు. సముద్రజీవి విషాన్ని ఒకసారి తట్టుకున్న కుక్క, కొన్ని వారాల తర్వాత కాస్తంత ఎక్కిస్తేనే చచ్చిపోయింది. దానికి వాళ్లు పెట్టిన పేరే అనాఫిలాక్సిస్. రిషేకు 1913లో నోబెల్ వచ్చింది.

అనాఫిలాక్సిస్ వస్తే ముందు చేయాల్సింది మమ్మల్నే. ఇక్కడ నా అవసరం ఎక్కువగా పాముకాటుకే. విషానికి విరుగుడు ఎక్కించేటప్పుడు అదే కొందరికి పడదు, అందుకని నేను చేతికందేలా ఉండాలి. సముద్రం ఇంత దూరాన ఉన్న ఊళ్లో రొయ్యలతో పనిపడుతుందని అనుకోలేదు. కానీ ఎండు రొయ్యలకు దూరమేముంది? గుప్పెడు కొని వంకాయలోనో గోంగూరలోనో వేస్తే ఇంటిల్లిపాదికీ కూర.

ఒక సాయంత్రం ఒకావిణ్ణి బైకు మీద మధ్యలో కూర్చోబెట్టుకుని తెచ్చారు. పెదవులు ఉబ్బాయి, మెడ నిండా దద్దుర్లు, మాట బొంగురు.

“రొయ్యలు ముట్టలేదు సిస్టరమ్మా, వంకాయ ముక్కలే ఏరుకుని తింది” అంది అత్తగారు.

ముక్కలు ఏరుకున్నా పులుసులోకి దిగింది దిగిందే. రొయ్య కండలోని ట్రోపోమయోసిన్ అనే ప్రోటీన్ ఉడికించినా, వేయించినా, ఎండబెట్టినా లొంగదు. ఎండ్రకాయల్లోనూ దాదాపు అదే ఉంటుంది. కొందరికైతే రొయ్యలు ఉడికే ఆవిరి పీల్చినా ఆయాసం వస్తుంది.

“ముందు ఏవిల్ చేయండి, దద్దుర్లు తగ్గుతాయి” అన్నాడు వెంట వచ్చినాయన. ఏవిల్ నా పక్కనే ఉంటుంది. మంచి మందే, దురద తగ్గిస్తుంది. మూసుకుపోతున్న గొంతును మాత్రం తెరవలేదు, పడిపోతున్న బీపీని నిలబెట్టలేదు. ఆ పని మాది. ముందు మేము, తర్వాతే అది. ఈ వరస తెలియక ఎక్కడెక్కడ ఎన్ని నిమిషాలు వృథా అవుతున్నాయో అని నాకు దిగులు.

సిస్టర్ నా తోడబుట్టినదాన్ని తీసింది. మెడ దగ్గర నిలిచిన మందు కిందికి దిగేలా గోటితో తట్టి, దూది అడ్డుపెట్టి పుటుక్కున విరిచింది. సగం సిరంజిలోకి లాగి, తొడ బయటివైపు కండలోకి చీర మీదుగానే పొడిచింది. ఆమెను లేచి నిలబడనివ్వలేదు. ఐదు నిమిషాల్లో తగ్గకపోతే మళ్లీ చేయాలి, అప్పుడు నా వంతు. గడియారం సిస్టరూ చూసింది, నేనూ చూశాను. మాట తేటపడింది. నా వంతు రాలేదు.

తగ్గింది కదా అని పంపేయలేదు. కొన్ని గంటల తర్వాత మళ్లీ తిరగబెట్టొచ్చు.

“పోయినసారీ వాంతులయ్యాయండీ, రొయ్యలు పాడైపోయాయేమో అనుకున్నాం” అంది అత్తగారు.

“పాడైనవైతే తిన్నవాళ్లలో చాలామందికి కడుపు చెడుతుందమ్మా, అదీ కొన్ని గంటలకు. ఒక్క మనిషికే, తిన్న కాసేపటికే దద్దుర్లు, ఆయాసం వస్తే ఒంటికి పడలేదనే” అన్నారు డాక్టరుగారు.

“మరి చేపలు?”

“చేప వేరు, రొయ్య వేరు. ఇంతవరకూ చేపలు పడుతుంటే తినొచ్చు. రొయ్యలు వేయించిన నూనెలో మాత్రం వద్దు, గరిటె కూడా వేరే పెట్టండి.”

చీటీ మీద ‘రొయ్యలు, పీతలు పడవు’ అని ఎర్ర సిరాతో రాసి, ఏ ఆసుపత్రికి వెళ్లినా ముందు ఇదే చూపించమని కోడలి చేతికిచ్చారు.