గాలికొండ ఆత్మకథ

నేను గాలికొండను. విశాఖ నుంచి అనంతగిరి మీదుగా అరకు వెళ్లే ఘాట్ రోడ్డు నా ఒంటి మీదుగానే మెలికలు తిరుగుతుంది. మాది తూర్పు కనుమల వంశం. మా రాళ్ల వయసు వంద కోట్ల ఏళ్ల పైమాటే. హిమాలయాలు మా ముందు నిన్నగాక మొన్న పుట్టినవి. మహానది, గోదావరి, కృష్ణ, పెన్న మమ్మల్ని చీల్చుకుంటూ సముద్రంలో కలిశాయి. అందుకే పడమటి కనుమల్లా ఒకే వరసలో లేం. మావాళ్లలో అర్మకొండ 1,680 మీటర్ల పొడగరి.

నా నెత్తిన ఎర్రటి బాక్సైట్ పొర ఉంది. గుల్లగా ఉండే ఆ పొర వాననంతా తాగి దాచుకుంటుంది; ఎండలు ముదిరినా ఊటలుగా, గెడ్డలుగా కిందికి వదులుతుంది. లోయలో వరి, చోళ్లు, సిల్వర్ ఓక్ నీడన కాఫీ పండేది ఆ చల్లదనంతోనే. ఈ అనంతగిరి కొండల్లో పుట్టిన గోస్తని తాటిపూడి జలాశయాన్ని నింపి విశాఖ దాహం తీరుస్తుంది. నా గర్వమంతా ఈ కొలువు మీదే.

1960ల్లో బైలదిల్లా ఇనుప ఖనిజాన్ని విశాఖ రేవుకు చేర్చడానికి కొత్తవలస–కిరండూల్ రైలుమార్గం వేశారు. మా కొండలను తొలిచి 58 సొరంగాలు చేశారు. ఓర్చుకున్నాం. తర్వాత నా నెత్తి మీద పొరకే ఎసరు పెట్టారు. ఎన్ని టన్నులో లెక్కకట్టినవాళ్లు ఊటలెన్నో అడగలేదు. బొర్రా దగ్గరి గనుల లీజులపై నడిచిన ‘సమత’ కేసులో 1997లో సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది: షెడ్యూల్డ్ ప్రాంతంలో ప్రభుత్వ భూమినైనా గనుల కోసం ప్రైవేటు కంపెనీలకు లీజుకివ్వకూడదని. అది విని నా అడవి ఊపిరి పీల్చుకుంది.

ఇప్పటి బాధ వేరు. వ్యూపాయింట్ దగ్గర కార్లు ఆగుతాయి, ఫొటోలు దిగుతారు. చిప్స్ ప్యాకెట్లు, నీళ్ల సీసాలు నా వాలు మీదికి విసిరేస్తారు. తొలివానకు అవన్నీ జారి చెలమలో పడతాయి. బిందె పట్టుకొచ్చిన గిరిజన తల్లి ముందు ఆ చెత్తను చేత్తో ఏరి ఒడ్డున పెడుతుంది. నీరు తేరుకునేదాకా గట్టు మీద కూర్చుని, అప్పుడు ముంచుకుంటుంది. ఆమె విసిరిన చెత్త కాదది.

నన్ను చూడటానికి రండి, కాదనను. తెచ్చిన సీసాలు తిరిగి తీసుకెళ్లండి. నా నెత్తి తవ్వుదామనే మాట మళ్లీ వస్తే, ఆ తల్లి బిందె ఎలా నిండుతుందో ముందు అడగండి. ఖనిజాన్ని ఒక్కసారే అమ్ముకోగలరు. నీళ్లయితే మీ మనవలకూ ఇస్తాను.