అద్దె దండగట, వడ్డీ పండగట

నార్సింగి నుంచి కొల్లూరు దాకా, విజయవాడ వైపు వెళ్తే కానూరు నుంచి పోరంకి దాకా, తలెత్తితే చాలు హోర్డింగుల మీద ఒకటే ఉపదేశం: ఎన్నాళ్లీ అద్దె బతుకు, ఆ డబ్బే ఈఎంఐగా కట్టి ఇంటివారు కండి. హోర్డింగంటే డబ్బిచ్చి రాయించుకున్నది, పోనీ అనుకోవచ్చు. పైసా తీసుకోకుండా ఇదే ప్రచారం చేసేవాళ్లు మనకు ఇంటికొకరున్నారు. పెళ్లి బంతిలో పక్కన కూర్చున్న బాబాయి, ఆఫీసు క్యాంటీన్‌లో మేనేజరు, యూట్యూబ్‌లో మైకు ముందు చేతులు తిప్పే ఆర్థిక గురువు, అందరిదీ అదే మాట. అద్దె బూడిదలో పోసిన పన్నీరు. ఈఎంఐ మాత్రం హుండీలో వేసిన ముడుపు, వేసేకొద్దీ పుణ్యం. నలభై దగ్గరపడుతున్నా అద్దెకుంటున్నవాణ్ని చూస్తే వీళ్లకు పుట్టుకొచ్చే జాలి పెళ్లికానివాణ్ని చూసినా పుట్టదు. ఈ సిద్ధాంతంలో ఉన్న గొప్ప సౌకర్యం, దీన్ని నమ్మడానికి కూడికలూ తీసివేతలూ రానక్కర్లేదు. వస్తేనే కాస్త ఇబ్బంది.

ఆ ఇబ్బంది ఏమిటో చూద్దాం. అరవై అయిదు లక్షల ఫ్లాటు. పదిహేను లక్షలు చేతి డబ్బు, యాభై లక్షలు బ్యాంకు అప్పు, వడ్డీ 8.5 శాతం, గడువు 20 ఏళ్లు. ఈఎంఐ 43,391 రూపాయలు. అదే ఫ్లాటును అద్దెకు తీసుకుంటే? మన నగరాల్లో ఏడాది అద్దె ఇంటి విలువలో మూడు శాతం అందుకుందంటే ఓనరు అదృష్టవంతుడు. ఆ లెక్కన నెలకు పదహారు వేల చిల్లర. అంటే ‘అద్దె కట్టే డబ్బుతోనే’ అన్న మొదటి మాటకే రెండున్నర రెట్లు తేడా వచ్చింది. ఎక్కువైతేనేం, కట్టేదంతా మనకే కదా చేరేది అంటారు. మొదటి నెల వాయిదాను విప్పి చూడండి. అందులో 35,417 రూపాయలు వడ్డీ. అసలులో తగ్గేది 7,974. ఓనరు ఇంట్లో ఉన్నందుకు పదహారు వేలిస్తే దండగ, బ్యాంకు సొమ్ము వాడుకున్నందుకు ముప్పై అయిదు వేలిస్తే ఆస్తి! ఇచ్చాక వెనక్కి రాని విషయంలో రెండింటికీ తేడా లేదు. పైగా అద్దెకుంటే ఆస్తిపన్ను ఓనరు తలనొప్పి, గోడకు చెమ్మ దిగినా, లిఫ్టు మార్చాలన్నా జేబు తడుముకోవాల్సింది అతనే. బ్యాంకు ఏ గోడకూ బాధ్యత వహించదు. ఏ వాన నీళ్లూ అంటని ఓనరు అది.

అయిదేళ్లు ఒక్క నెల తప్పకుండా కట్టినవాడు బ్యాంకుకు ఇచ్చింది 26 లక్షలు. బాకీ ఇంకా 44 లక్షలు. పదేళ్లకు ఇచ్చింది 52 లక్షలు, తెచ్చిన అప్పుకన్నా ఎక్కువే. బాకీ ఇంకా 35 లక్షలు. వాయిదాలో అసలు వాటా వడ్డీ వాటాను దాటేది పన్నెండో ఏడు ముగియబోతుండగా. అసలుకంటే వడ్డీ ముద్దని మనవాళ్లు మనవల్ని ఎత్తుకుని అన్నారు. ఆ సామెతను తుచ తప్పకుండా అమలు చేసింది మాత్రం బ్యాంకు వాయిదాల పట్టికే. ఇందులో మోసమేమీ లేదు, ఉన్నది లెక్కే. బాకీ కొండంత ఉన్నప్పుడు వడ్డీ కొండంత పడుతుంది, నెలసరి మొత్తం ఒకేలా ఉండాలంటే తొలి ఏళ్లలో అసలుకు మిగిలేది గోరంత. కష్టమల్లా ఎనిమిదేళ్లకు పిల్లల చదువుకనో, ఉద్యోగం పుణెకు మారిందనో ఫ్లాటు అమ్మబోయేవాడికి. నలభై ఒక్క లక్షలు కట్టాను, ఇక మిగిలింది ఎంతలే అని స్టేట్‌మెంటు తీయిస్తాడు. బాకీ 39 లక్షలని ఉంటుంది. ఏసీ బ్రాంచిలో చెమటలు పడతాయి. 240 నెలలూ పూర్తిచేసినవాడు కట్టే మొత్తం 1,04,13,840 రూపాయలు.

వడ్డీ విషయంలో తెలుగువాళ్లు అమాయకులని ఎవరూ అనలేరు. ‘నూటికి రెండ్రూపాయలు’ అనగానే ఏడాదికి ఇరవై నాలుగు శాతమని బడికెళ్లనివారూ చెబుతారు. ఆ కొలతలో గృహరుణం నూటికి నెలకు 71 పైసలు. ఊళ్లో ఏ షావుకారూ ఈ ధరకు ఇవ్వడు, కనుక బ్యాంకును రాక్షసి అనడం అన్యాయం. దెబ్బతీసేది రేటు కాదు, గడువు. పాత రోజుల్లో ప్రోనోటుకు మూడేళ్లు నిండవస్తే కాలదోషం పడుతుందని తిరగరాసుకునేవారు. ఆ వంకనైనా ఎంత కట్టాం, ఎంత మిగిలిందని ఇద్దరూ అరుగు మీద ఎదురెదురుగా కూర్చునేవారు. ఇప్పుడు ఒకటో తారీఖున పడిన జీతంలోంచి అయిదో తారీఖున వాయిదా దానంతటదే వెళ్లిపోతుంది, కూర్చునే పనే లేదు. అందుకే లోన్ ఏజెంటు ‘ఈఎంఐ బరువైతే ముప్పై ఏళ్లు పెట్టేద్దాం సార్’ అని చాయ్‌లో మరో చెంచా పంచదార వేసినంత తేలిగ్గా అనగలుగుతున్నాడు. ముప్పై ఏళ్లకైతే ఈఎంఐ 38,446. నెలకు 4,945 రూపాయలు మిగిలాయని సంబరం. మొత్తం మీద అదనంగా కట్టేది 34 లక్షలు. వడ్డీ ఒక్కటే 88 లక్షలు, అంటే అలాంటి ఫ్లాటు ఇంకొకటి కొని, రిజిస్ట్రేషన్ చేయించి, లోపల చెక్క పని కూడా చేయించుకోవచ్చు.

ఇదంతా రేటు ఇరవై ఏళ్లూ కదలకుండా ఉంటేనే. కదులుతుంది. 2019 అక్టోబరు నుంచి బ్యాంకులు కొత్తగా ఇచ్చే చలన వడ్డీ (ఫ్లోటింగ్) గృహరుణాలను రెపో రేటు లాంటి బయటి కొలబద్దకు ముడిపెట్టారు. 2022 మే, 2023 ఫిబ్రవరి మధ్య రిజర్వ్ బ్యాంకు రెపోను 4 నుంచి 6.5 శాతానికి పెంచింది. పెంపుకు ముందు 6.75 శాతానికి ఇరవై ఏళ్ల అప్పు యాభై లక్షలు తెచ్చినవాడి ఈఎంఐ 38,018. లెక్క తేలిక కోసం ఏడాది తర్వాత రెండున్నర శాతమూ ఒక్కసారే పడిందనుకుందాం. రేటు 9.25 అవుతుంది, ఆ నెల వడ్డీయే 37,598. అసలుకు మిగిలేది 420 రూపాయలు. ఆ ఈఎంఐతోనే సాగితే అప్పు తీరడానికి ఇంకో 49 ఏళ్లు! ‘ఈఎంఐ పెంచం సార్, గడువు సర్దుతాం’ అన్న దయార్ద్ర వాక్యం అర్థం ఇదీ. కొన్ని ఖాతాల్లో వాయిదా వడ్డీకే చాలని స్థితి రాకూడదనే రిజర్వ్ బ్యాంకు 2023 ఆగస్టులో కళ్లెం వేసింది: రేటు మారినప్పుడు ఈఎంఐ పెంచుకోవాలా, గడువు పొడిగించుకోవాలా, స్థిర రేటుకు మారాలా అని అప్పు తీసుకున్నవారిని అడగాలంది. 2025లో రెపో మళ్లీ తగ్గింది, నిజమే. పెరిగినప్పుడు సాగిన గడువు తగ్గినప్పుడు వెనక్కి వచ్చిందో లేదో చూసుకున్నవాళ్లను మాత్రం వేళ్ల మీద లెక్కపెట్టొచ్చు.

పక్క ఖర్చుల సంగతి క్లుప్తంగా. తెలంగాణలో స్టాంపు డ్యూటీ, ట్రాన్స్‌ఫర్ డ్యూటీ, రిజిస్ట్రేషన్ ఫీజు కలిసి ఏడున్నర శాతం. నిర్మాణంలో ఉన్న ఫ్లాటైతే ఈ ధరకు జీఎస్టీ ఇంకో అయిదు శాతం. పదిహేను లక్షల చేతి డబ్బుతో కలిపితే తాళంచెవి అందేలోపే 23 లక్షలు దాటింది. ఆ డబ్బు ఏడు శాతం ఫిక్స్‌డ్ డిపాజిట్‌లో ఉంటే నెలకు పదమూడు వేల పైచిలుకు వడ్డీ, అంటే ఆ దండగమారి అద్దెలో ముప్పాతిక పైనే. చివర్లో లోన్‌తో పాటు బీమా పాలసీ ఒకటి సంతకాల మధ్యలోకి జారుతుంది. తీసుకోవాలని ఏ చట్టమూ అనదు. లక్షన్నర ప్రీమియాన్ని అప్పులోనే కలిపితే ఇరవై ఏళ్లలో దానికి కట్టేది మూడు లక్షల పన్నెండు వేలు.

పన్ను ఆదా అవుతుంది కదా అనేది తర్వాతి బాణం. పాత పన్ను విధానంలో సొంతంగా ఉండే ఇంటి వడ్డీకి ఏడాదికి రెండు లక్షల వరకు మినహాయింపు. మన ఉదాహరణలో తొలి ఏడాది వడ్డీ 4,21,000. ముప్పై శాతం శ్లాబులో ఉన్నవాడికి సెస్సుతో కలిపి మిగిలేది 62,400. నాలుగు లక్షలు పోగొట్టుకుని అరవై వేలు మిగుల్చుకునే ఈ విద్యకు టాక్స్ ప్లానింగ్ అని పేరు. 2023–24 నుంచి కొత్త విధానమే మామూలు విధానమైంది, అందులో సొంత నివాసానికి ఈ మినహాయింపు లేనే లేదు. ఉపదేశకులకు ఈ వార్త ఇంకా చేరినట్టు లేదు.

ఇక గట్టి వాదనలు. అద్దె ఏటా పెరుగుతుంది, ఈఎంఐ పెరగదు అంటారు. ఏటా అయిదు శాతం పెంచుకుంటూ పోతే ఆ పదహారు వేల అద్దె 43 వేలకు చేరేది సరిగ్గా అప్పు తీరే నాటికి. పది శాతం పెంచే కఠినాత్ముడు దొరికినా పదేళ్లు పడుతుంది. ఆ తర్వాత సొంతింటివాడిదే పైచేయి. అద్దెకున్నవాడు ఇన్నేళ్లూ నెలనెలా మిగిలిన తేడాను దాచుకోకుండా బిర్యానీలకూ బైకులకూ తగలేస్తే అది అతని ఖర్మ, అద్దె తప్పు కాదు. రూపాయి విలువ కరుగుతుంది కాబట్టి ఇరవయ్యో ఏటి 43 వేలు ఇవాళ్టి 43 వేలు కావన్నదీ నిజమే. కోటి నాలుగు లక్షలని ఊరికే కూడి భయపెట్టడం అంత సబబు కాదు. కానీ రూపాయి కరుగుతుందని బ్యాంకుకు తెలియదా? తెలిసే కదా 8.5 అడుగుతోంది. కరిగేది పోను మిగిలేదే దాని లాభం. డాలస్‌లో ఉన్న బావగారు ముప్పై ఏళ్ల లోన్ అంత తెలివైన పని లేదన్నారని ఇంకొకరు. అక్కడ ముప్పై ఏళ్లూ మారని స్థిర రేటు దొరుకుతుంది. 2021 జనవరిలో సగటు 2.65 శాతానికి పడిపోయింది. అప్పుడు తీసుకున్నవాడు తెలివైనవాడే. మన చలన వడ్డీకి ఆయన సలహా అతికించుకోవడం తెలివి కాదు.

ధర పెరుగుతుందిగా అన్నవాళ్లది బలమైన మాటే. గచ్చిబౌలి చుట్టుపక్కల తొలినాళ్లలో కొన్నవాళ్లు బాగుపడ్డారు, ఎవరూ కాదనరు. అయితే పెరిగేది నేల ధర, కట్టడం పాతబడుతూనే ఉంటుంది. ముప్పై అంతస్తుల టవర్‌లో మన వాటాకు వచ్చే నేల ఎన్ని గజాలో సేల్ డీడ్‌లో చూసుకుంటే ఆ ఉత్సాహం కాస్త చల్లారుతుంది. అమ్మి లాభం చేసుకున్నా మళ్లీ ఉండటానికి కొనే ఇల్లూ అంతే పెరిగి ఉంటుంది. ధర మీద పందెం కాయడం నేరమేమీ కాదు, అప్పు తెచ్చి కాస్తున్నామని ఒప్పుకుంటే చాలు.

నిలబడే వాదన ఒక్కటుంది, హోర్డింగులు దాన్ని చెప్పవు. అద్దె ఇంటి తలుపు తట్టగానే ‘మీరేవిట్లు, నీసు వండుతారా, ఎంతమంది ఉంటారు’ అన్న విచారణ. పదకొండు నెలల అగ్రిమెంటు. పిల్ల పదో తరగతిలో ఉండగా ఖాళీ చేయమనడం. ఇవి తప్పించుకోవడానికి ఎవరైనా నెలకు పాతిక వేలు అదనంగా ఖర్చు పెడతామంటే అది సబబైన ఖర్చు. పెట్టుబడని పేరు పెట్టకుండా ఖర్చు అనే అనాలి. ఎవడూ ఖాళీ చేయించలేడన్న ధీమాకూ ఒక షరతుంది: 90 రోజులు వాయిదా తప్పితే ఖాతా మొండిబాకీ, 2002 నాటి సర్ఫేసీ చట్టం కింద 60 రోజుల నోటీసిచ్చి, కోర్టు మెట్లెక్కకుండానే బ్యాంకు ఇల్లు స్వాధీనం చేసుకోవచ్చు. ఓనరుగారి కంటే గట్టి అగ్రిమెంటే రాయించుకుంది.

బలవంతంగానైనా పొదుపవుతుందనే పెద్దలకు ఒక సంగతి నచ్చాలి. చలన వడ్డీ గృహరుణాన్ని ముందే తీర్చుకుంటే వ్యక్తుల దగ్గర బ్యాంకులు జరిమానా తీసుకోకూడదని రిజర్వ్ బ్యాంకు 2012లోనే చెప్పింది. మన ఉదాహరణలో ఏడాది చివర ఒక్క ఈఎంఐ అదనంగా కడుతూ పోతే అప్పు మూడేళ్లకు పైగా ముందే తీరి, పది లక్షల పైన వడ్డీ మిగులుతుంది. పెళ్లి బంతిలో ఈ మాట చెప్పే బాబాయి ఎందుకో కనబడడు. 2024 అక్టోబరు నుంచి కొత్తగా తీసుకునే ప్రతి గృహరుణానికీ కీ ఫ్యాక్ట్స్ స్టేట్‌మెంట్ ఇవ్వాలి. ఫీజులన్నీ కలుపుకున్న వార్షిక రేటు, నెలవారీ వాయిదాల పట్టిక అందులోనే ఉంటాయి. గృహప్రవేశం ముహూర్తం కోసం నాలుగు పంచాంగాలు తిరగేసేవాళ్లు ఆ పట్టికను ఒక్కసారి తిరగేయరు, సంతకం పెట్టాల్సిన చోట ఏజెంటు పెన్సిల్‌తో గీసిన టిక్కు కనబడితే చాలు. అన్నీ కట్టి తీరిన నాడు లింకు డాక్యుమెంట్లతో సహా అసలు కాగితాలన్నీ 30 రోజుల్లో తిరిగివ్వాలి, తన తప్పుతో ఆలస్యం చేస్తే రోజుకు అయిదు వేల చొప్పున బ్యాంకే చెల్లించాలి. 2023 డిసెంబరు నుంచి ఇదీ నిబంధనే. ఇరవై ఏళ్ల కథలో బ్యాంకు మనకు ఎదురు డబ్బిచ్చే అవకాశం ఉన్న ఘట్టం అదొక్కటే, అదీ గుమాస్తాగారు సెలవు పెడితేనే.